కాటన్ దొరకు ముందు ఓడల దొర

కాటన్ దొర పేరు వినని ఇల్లు మన గోదావరి జిల్లాల్లో ఉండదు. మా నాయనమ్మకు అక్షరం ముక్క రాదు గాని, కాలవకు నీళ్లు వదిలిన రోజున ఆయన్ని తలచుకోకుండా ఉండేది కాదు. అయితే కాటన్‌కు యాభై ఏళ్ల ముందే గోదావరి నీళ్లు పొలాలకు మళ్లించవచ్చని రాసిపెట్టిన మనిషి ఒకడున్నాడు. పేరు మైకేల్ టాపింగ్. ఆయన వచ్చింది కాలవలు తవ్వడానికి కాదు. మద్రాసులో ఈస్టిండియా కంపెనీ వారి ప్రధాన సముద్ర సర్వేయరు. తీరం ఎక్కడుంది, ఓడ ఎక్కడ ఆగవచ్చు అన్నది చెప్పడమే ఆయన కొలువు.

1785లో మచిలీపట్నం నుంచి కలకత్తాకు నేలదారిన బయలుదేరి, సెక్స్‌టెంటుతో ఆకాశాన్ని చూసి దారిలోని ఊళ్ల స్థానాలు లెక్కకట్టాడు. పటంలో ఊరు తప్పుచోట ఉంటే మనకు నవ్వులాట, ఓడకు ప్రాణగండం. ఆ తర్వాత మన కోరంగి తీరాన్నీ సర్వే చేశాడు. 1787 ఉప్పెన కోరంగిని ముంచిపోయిన కొద్ది ఏళ్లకే అది. మద్రాసులో 1792లో నక్షత్రశాల కట్టించింది ఆయనే. అక్కడి రాతిస్తంభం మీద తెలుగులో కూడా చెక్కారు. 1794లో ఎనిమిదిమంది కుర్రాళ్లతో పెట్టిన సర్వే బడి ఈనాటి గిండీ ఇంజనీరింగు కాలేజీ అయింది.

ఇంతకీ నది సంగతి. సముద్రం కొలవవలసినవాడు కృష్ణా గోదావరుల లెవెళ్లు తీశాడు. ఏరు ఒండ్రును ముందు తన ఒడ్డునే దింపుతుంది గదా! అందుకే డెల్టాలో ఏటిగట్టు పక్క మెరక, దూరం పోయేకొద్దీ పల్లం. పైన నీటిమట్టాన్ని కాస్త లేపితే చాలు, మిగతా పని వాలే చేసుకుపోతుంది. మా నాన్నకు లెవెలింగు తెలియదు, కాని బోదె తెగితే నీరెటు పోతుందో చూడకుండా చెప్పగలడు. టాపింగ్ చేసిందల్లా ఆ చూపును అంకెల్లో పెట్టడం.

1796 జనవరిలో జ్వరంతో మచిలీపట్నంలోనే పోయాడు. కాగితాలు కంపెనీవారి బీరువాల్లో ఉండిపోయాయి. శిస్తు మాత్రం ఏ ఏడూ ఆగలేదు. 1833 కరువు వచ్చింది, 1839 ఉప్పెన వచ్చింది. 1821లో ఏడు లక్షలు దాటిన రాజమండ్రి జిల్లా జనం 1841 నాటికి అయిదున్నర లక్షల దాకా పడిపోయింది. అందరూ చావలేదు, వలసపోయిన వాళ్లూ ఉన్నారనుకోండి. అయినా కాగితం మీద నీళ్లుండగా పొలంలో లేకపోయిన ఏళ్లవి.

కాటన్ గొప్పను తగ్గించడం నా ఉద్దేశం కాదు. రాసి ఊరుకోక, పైవాళ్లతో పోరాడి 1847లో ధవళేశ్వరం దగ్గర ఆనకట్ట మొదలెట్టి 1852కు పూర్తి చేయించినవాడు ఆయనే. మా పొలం కాలవ శివారున ఉంది. ఊడ్పులనాటికి నీరు అందరి తర్వాత మాకొస్తుంది. వచ్చినరోజున మా ఇంట్లో ఇప్పటికీ కాటన్ పేరే తలుస్తారు. ఈమధ్య సెలవులకు వెళ్లినప్పుడు ఈ రెండో దొర సంగతి కూడా చెప్పాను. నాన్న విని, "అప్పుడే తవ్వి ఉంటే మన తాతలు ఊరొదిలేవారు కాదేమోరా" అన్నాడు.