ముఖం కనబడని పాత్ర

నజరేతు ఊరి బావి. గొలుసులతో కట్టి తోలుకొస్తున్న ఖైదీలను రోమా సైనికులు అక్కడ ఆపుతారు. అందరికీ నీళ్లు పోస్తారు గాని జూదా బెన్-హర్ అనే యువకునికి మాత్రం ఇవ్వొద్దంటాడు అధికారి. దాహంతో అతడు నేలకూలుతాడు. అంతలో ఒక వడ్రంగి వచ్చి, అతని తల తడిపి, నీళ్లు తాగిస్తాడు. అధికారి కేకలేస్తూ వస్తాడు. వడ్రంగి లేచి నిలబడతాడు, అంతే. ఆ ముఖం చూసిన అధికారికి నోట మాట రాదు. తడబడి వెనక్కు తిరుగుతాడు. మళ్లీ ఒకసారి చూసి, తల దించుకొని వెళ్లిపోతాడు.

మనకు మాత్రం ఆయన వీపే కనబడుతుంది.

‘బెన్-హర్’ సినిమా మా సంఘ యువకులకు వేసి చూపించినప్పుడు ఒక కుర్రవాడు అడిగాడు, ‘‘అయ్యగారూ, యేసుప్రభువుగా వేసిందెవరండీ? పేరు రాలేదే!’’ మాకు తెలియలేదు. తర్వాత వెదికి చెప్పాం. ఆయన పేరు క్లాడ్ హీటర్. ‘‘హీటరా?’’ అని అందరూ నవ్వారు. మేమూ నవ్వాం.

హీటర్ 1927లో అమెరికాలోని కాలిఫోర్నియాలో పుట్టారు. ఆయన సినిమా నటుడు కాదు, ఆపెరా గాయకుడు. ఆపెరా అంటే పాటతోనే కథంతా నడిపే సంగీత నాటకం. మన పద్యనాటకానికి దూరపు చుట్టమనుకోవచ్చు. మైకు ఉండదు. పదుల సంఖ్యలో వాద్యాలు మోగుతుంటే వాటిని దాటి చివరి వరుస దాకా గొంతు వినబడాలి. అందులోనూ జర్మన్ స్వరకర్త వాగ్నర్ రాసిన నాయక పాత్రలంటే గంటల తరబడి పాడాలి. హీటర్ యూరప్ వేదికల మీద అలాంటి పాత్రలు పాడినవారు. వియన్నా ఆపెరా బృందంతో రోమ్‌లో ఉండగా సినిమావాళ్లు పిలిచి పరీక్షించి, ఈ వేషం ఇచ్చారు.

అంత గొంతున్న మనిషికి సినిమాలో ఒక్క మాట లేదు. ముఖం ఎక్కడా స్పష్టంగా చూపలేదు. వీపు, చేతులు, దూరంగా నిలబడ్డ ఆకారం, సిలువ మోస్తూ వంగిన భుజాలు, అంతే. టైటిల్స్‌లో పేరు కూడా లేదు. 1959 నవంబరులో విడుదలైన ఆ చిత్రానికి 11 ఆస్కార్‌లు వచ్చాయి. బెన్-హర్‌గా నటించిన చార్ల్‌టన్ హెస్టన్‌కు ఉత్తమ నటుడి బహుమతి దక్కింది. దర్శకుడు విలియం వైలర్ యూదుడు. 1925లో తీసిన మూకీ ‘బెన్-హర్’కు ఆయన సహాయకునిగా పనిచేశారు. అందులోనూ ప్రభువు ముఖం చూపలేదు.

మన తెలుగువారికి ఇది కొత్తగానే ఉంటుంది. 1978లో వచ్చిన ‘కరుణామయుడు’ చూసిన తరానికి యేసు అనగానే విజయచందర్ గారి ముఖమే గుర్తొస్తుంది. దాన్ని తప్పుపట్టడం లేదు. ఊరి మధ్య తెర కట్టి వేసినప్పుడు కన్నీళ్లు పెట్టుకున్నవాళ్లను మేమే చూశాం. కాని సువార్తికులు నలుగురిలో ఒక్కరైనా ప్రభువు ఎత్తెంతో, రంగేమిటో, కళ్లెలా ఉండేవో రాయలేదన్నది సెమినరీలో చదివే రోజుల నుంచీ మమ్మల్ని ఆలోచింపజేసే విషయం. ఆయన్ను కలిసినవాళ్లకు ఏమైందన్నదే వాళ్లు రాశారు. జక్కయ్య చెట్టు దిగాడు. సమరయ స్త్రీ కుండ వదిలేసి ఊళ్లోకి పరుగెత్తింది. వైలర్ కెమెరా కూడా ఆ అధికారి ముఖం చూపించి ఊరుకుంది.

ఇది రాస్తుంటే మా సొంత ముచ్చట ఒకటి గుర్తొస్తోంది. చెప్పుకోవడానికి సిగ్గే. కొన్నేళ్ల క్రితం ఒక ఊరి ఉజ్జీవ సభలకు మమ్మల్ని వాక్యం చెప్పమని పిలిచారు. కరపత్రంలో అధ్యక్షుల పేర్లున్నాయి, పాటల బృందం పేరుంది, భోజనాలు పెట్టినవారి పేర్లూ ఉన్నాయి. మూడు రాత్రులు ప్రసంగించే మా పేరు లేదు. పైకి నవ్వుతూనే ఉన్నాం గాని రెండో రాత్రి ప్రసంగంలో పస తగ్గింది. వినేవాళ్లకు తెలిసిందో లేదో, మాకు తెలిసింది. ఇంటికొచ్చి ఆ కరపత్రం చూపిస్తే మా ఇంటావిడ అంది, ‘‘కరపత్రం చదివి ఎవరు మారుమనస్సు పొందారండీ!’’ ఆ పూటకు కోపమే వచ్చింది.

హీటర్ మళ్లీ తన పాటకే వెళ్లిపోయారు. 2020 మే నెలలో, 92వ ఏట కన్నుమూశారు. జీవితమంతా పాడినా, మరణవార్తలో మాత్రం ‘బెన్-హర్‌లో యేసు’ అనే రాశారు.

సినిమా చివర్లో ఇంకోసారి నీళ్లు వస్తాయి. యెరూషలేము వీధిలో సిలువ కింద ఆయన పడిపోతే, జనాన్ని తోసుకుంటూ జూదా ఒక పాత్రలో నీళ్లు పట్టుకెళ్తాడు. వంగి అందిస్తూ ఆ ముఖం చూస్తాడు. బావి దగ్గర నీళ్లిచ్చింది ఎవరో అప్పుడు గుర్తుపడతాడు. అక్కడా మనం చూసేది హెస్టన్ కళ్లనే. ఎదురుగా హీటర్ ఉన్నారు, మనవైపు వీపు పెట్టి.