ఉన్న తులసులు – లేని తులసులు

పిల్లలూ, మీ ఇంట్లో తులసికోట ఉన్నదా? కోట లేకపోతే కిటికీలో ఒక కుండీ అయినా ఉండే ఉంటుంది. మరి తులసిలో ఎన్ని రకాలో చెప్పగలరా? లక్ష్మీతులసి, కృష్ణతులసి అని రెండు పేర్లు మీరు వెంటనే చెబుతారు. రామతులసి, వనతులసి, కర్పూరతులసి అని పెద్దవాళ్లు మరికొన్ని కలుపుతారు. అంతటితో అయిపోయిందనుకోకండి. లోకంలో ఉన్న తులసులకన్న లేని తులసులే ఎక్కువ!

హైదరాబాదులో, కార్వాన్ ప్రాంతంలో నేను ప్రధానోపాధ్యాయుడిగా ఉన్న రోజుల్లో, ఒకనాడు వాన పట్టుకుని ఆటల పీరియడు చెడింది. అయిదో తరగతి పిల్లలను కూర్చోబెట్టి, "ఎక్కడా లేని తులసిని ఒకదాన్ని పుట్టించండి. దాని మహిమ ఏమిటో చెప్పండి," అన్నాను.

చెప్పటమే ఆలస్యం, తులసులు మొలుచుకుని వచ్చినవి. మొదటిది ఎక్కాల తులసి. ఒక ఆకు నమిలితే పదిహేడో ఎక్కం దానంతట అదే నోట్లోంచి వస్తుంది. కాని ఆశపడి రెండాకులు నమిలితే అదే ఎక్కం వెనకనుంచి వస్తుంది! తరవాత బస్సు తులసి. రెమ్మ ఊపితే మెహదీపట్నం బస్సు వచ్చి నిలుస్తుంది; ఎండిన రెమ్మ ఊపితే వచ్చిన బస్సు ఆగకుండా పోతుంది. ఇంకొకడు చాడీల తులసిని పుట్టించాడు. ఇంట్లో ఎవరు అబద్ధమాడితే వాళ్లవైపు దాని కొమ్మ వంగుతుందట. దాన్ని ఎవరింట్లో నాటాలన్న ప్రశ్న వచ్చేసరికి తరగతి అంతా నిశ్శబ్దమైపోయింది.

అప్పుడు వెనక వరసలోంచి ఒక అమ్మాయి లేచి, "మా ఇంట్ల దోమల తులసి ఉంది సార్. కిటికీల పెట్టినం. దోమలు లోపలికి రావు," అన్నది.

ఈసారి ఎవరూ నవ్వలేదు. చాలామంది తలలు ఊపారు గూడా.

ఎందుకని? బస్సు తులసి లేదని అందరికీ తెలుసు. దోమల తులసి ఉన్నదో లేదో ఎవరూ పరీక్షించి చూడలేదు. అందరూ చెప్పగా విన్నారు, అంతే. చిక్కంతా అక్కడే ఉన్నది.

తులసి ఆకునుంచి తీసిన తైలం వాసన దోమలకు సరిపడదన్నమాట నిజమే. కాని తైలం వేరు, కుండీలో మొక్క వేరు. ఆకును నలిపితేనేగాని దాని తైలం వాసన బాగా బయటికి రాదు. కదలక మెదలక కిటికీలో కూర్చున్న మొక్క ఇంటికి కాపలా కాయలేదు. పైగా ఆ కుండీ కింద పళ్లెం ఒకటి పెడతారు. అందులో నీళ్లు నిలుస్తవి. డెంగీ జ్వరాన్ని మోసుకువచ్చే దోమకు కావలసింది అటువంటి నిలవనీరే! అక్కడ గుడ్లు పెడితే, పది రోజులు తిరిగేసరికి పిల్లదోమలు ఎగురుతవి. దోమలను తోలవలసిన తులసి కిందనే దోమల పురిటిల్లు! ఇంటికి వెళ్లగానే మీ కుండీ కింద చూడండి. నీళ్లుంటే పారబోసి, పళ్లెం లోపలి అంచును గట్టిగా తోమండి, గుడ్లు అంచుకే అంటుకుని ఉంటవి.

మన సికింద్రాబాదులోనే 1897 ఆగస్టు 20వ తేదీన రొనాల్డ్ రాస్ అనే డాక్టరు దోమ పొట్టను కోసి, సూక్ష్మదర్శిని కింద మలేరియా క్రిమిని చూశాడు. అంతకుముందు చెడ్డగాలివల్ల మలేరియా వస్తుందని ఎన్నో దేశాల్లో నమ్మేవారు. రాస్ వందలకొద్దీ దోమలను కోసి చూశాడు. ఆయనకు 1902లో నోబెల్ బహుమానం వచ్చింది.

ఉన్నదాన్నీ లేనిదాన్నీ వేరుచేసి చూసే విద్య మా కార్వాన్‌కు కొత్త కాదు. కార్వాన్ అంటే బిడారు. గోల్కొండ కోటకూ, 1578లో మూసీనదిమీద కట్టిన పురానాపుల్‌కూ మధ్యదారిలో ఉన్నది ఈ పేట. కుతుబ్‌షాహీల కాలంలో దేశదేశాల వర్తకుల బిడార్లు ఇక్కడ దిగేవి. రత్నాల వ్యాపారులు ఇక్కడ కాపురముండేవారు. 1671లో కట్టిన టోలీ మసీదు ఇప్పటికీ ఇక్కడ చూడవచ్చు.

ఆ రోజుల్లో టావెర్నియే అనే ఫ్రెంచి రత్నాల వర్తకుడు గోల్కొండ రాజ్యానికి అనేకసార్లు వచ్చాడు. కృష్ణానది ఒడ్డున కొల్లూరు గనిని స్వయంగా చూశాడు. 1676లో తన యాత్రలను పుస్తకంగా అచ్చువేయించాడు. మనదేశపు వర్తకులు వజ్రాన్ని ఎట్లా పరీక్షించేవారో అందులో ఉన్నది. రాత్రిపూట గోడలోని చిన్న గూట్లో పెద్ద వత్తి దీపం పెడతారు. రాయిని వేళ్లమధ్య పట్టుకుని, ఆ వెలుగులో దాని తేటదనం చూస్తారు. రాయిలో నీలిచాయ దాగి ఉన్నదేమోనన్న అనుమానం వస్తే, దాన్ని గుబురుగా ఆకులున్న చెట్టు కిందికి తీసుకుపోతారు. ఆ పచ్చని నీడలో, దాగిన నీలం బయటపడిపోతుందట!

అమ్మేవాడు రాయికి ఎంత గొప్ప పేరు పెట్టినా, చెట్టునీడ పరీక్ష తప్పదు. మనం తులసిని గూడా అట్లాగే పరీక్షకు పెడదాం.

ముందు కాడను వేళ్లమధ్య దొర్లించి చూడండి. గుండ్రంగా దొర్లదు, నాలుగు పలకలుగా ఉంటుంది. ఆకులు ఎదురెదురుగా జంటలుగా ఉంటవి. ఇప్పుడు వంటింట్లోకి వెళ్లి పుదీనా కాడను పట్టుకోండి. అదీ నాలుగు పలకలే! కొత్తిమీర కాడ అట్లా ఉండదు. తులసీ పుదీనా ఒకే కుటుంబం, కొత్తిమీర పరాయిది. ఎన్నో పుస్తకాలు చదవనక్కర్లేకుండా మీ బొటనవేలే ఈ చుట్టరికం చెప్పింది.

లక్ష్మీతులసి పచ్చగా, కృష్ణతులసి ఊదానలుపుగా ఉంటవి గదా? ఇవి రెండు జాతులు కావు. ఒకే జాతి. నేరేడుపండుకూ వంకాయ తొక్కకూ రంగునిచ్చే పదార్థంలాంటిదే కృష్ణతులసికి ఆ నలుపునిస్తున్నది. 2015లో లక్నోలోనూ బెంగుళూరులోనూ మన శాస్త్రజ్ఞులు తులసి జన్యువుల పట్టిక తయారుచేశారు. కర్పూరతులసి మాత్రం వేరే జాతి, తూర్పు ఆఫ్రికానుంచి వచ్చింది. ఇక రామతులసి అన్న పేరును ఒక్కొక్క ఊళ్లో ఒక్కొక్క మొక్కకు వాడతారు. ఇంట్లో నలుగురు పిల్లలనూ "చిన్నా" అని పిలిచినట్టు!

తులసి ఆకును నలిపి వాసన చూడండి. తరవాత లవంగాన్ని కొరికి చూడండి. ఎక్కడో పోలిక తగులుతున్నదా? రెంటిలోనూ యూజినాల్ అనే తైలపదార్థం ఉన్నది. పంటి డాక్టరు దగ్గర గుప్పుమనే వాసన గూడా దానిదే.

ఇక సబ్జాగింజలు. ఎండాకాలంలో ఫాలూదాలో నల్లటి చుక్కచుట్టూ జారుడు గుండు కనపడుతుందే, అది తులసికి దగ్గరి చుట్టమైన మొక్క గింజ. యునానీ వైద్యులు దాన్ని తుఖ్మే రైహాన్ అంటారు. చెంచాడు ఎండుగింజలను గ్లాసెడు నీళ్లలో వేసి పావుగంట ఆగండి. గింజ పైపొరలోని జిగురు నీటిని పీల్చుకుని, ప్రతి గింజకూ తెల్లని కోటు తొడుగుతుంది. చాడీల తులసికన్న ఇదేమీ తక్కువ వింత కాదని నా అభిప్రాయం.

పెద్దలు గూడా నమ్మే లేని తులసి మరొకటి ఉన్నది. తులసి ఇరవైనాలుగు గంటలూ ఆమ్లజని (అదే, మీ ఆక్సిజన్) ఇస్తుందనీ, తెల్లవారుజామున ఓజోను ఇస్తుందనీ సెల్‌ఫోనుల్లో వార్తలు తిరుగుతుంటవి. ఆకులు ఆమ్లజనిని విడవాలంటే వెలుతురు ఉండితీరాలని ఇంగెన్‌హౌస్ అనే డాక్టరు 1779లోనే ప్రయోగాలు చేసి రుజువుచేశాడు. చీకట్లో తులసి గూడా మనలాగే ఆమ్లజనిని పీల్చి బొగ్గుపులుసు వాయువును విడుస్తుంది. ఇక ఓజోను పైన ఆకాశంలో ఎండ తీవ్రతనుంచి మనను కాపాడుతుంది గాని, కింద మనం పీల్చే గాలిలో ఉంటే ఊపిరితిత్తులకు చెరుపు. అది తులసి వదిలే వాయువు కాదు. నిజంగా వదిలేదైతే కుండీని ఇంట్లోంచి బయట పెట్టవలసివచ్చేది!

నా మాట గూడా ఊరికే నమ్మకండి. నీటిలో పెరిగే హైడ్రిల్లా నాచును గ్లాసు నీళ్లలో వేసి, చిటికెడు వంటసోడా కలిపి, ఎండలో పెట్టండి. కాడ కొసనుంచి బుడగలు వరసగా పైకి వస్తవి. అవి ఆమ్లజని బుడగలు. నల్లటి గుడ్డ కప్పి, కాసేపాగి, గుడ్డ తీసిన క్షణంలో చూడండి. బుడగలు ఆగిపోయి ఉంటవి.

ఎక్కాల తులసిని నమ్మితే మార్కులు పోతవి, అంతే. కాని జ్వరం తులసిని నమ్మితే నష్టం అంతటితో ఆగదు. ఈ మాట మీ అమ్మా నాన్నా గూడా వింటే బాగుండును.

ఒక వానాకాలంలో మా ఏడో తరగతి కుర్రవాడు నాలుగు రోజులు బడికి రాలేదు. నేనూ ఒక టీచరమ్మా వాళ్లింటికి వెళ్లాం. పిల్లవాడు గోడవైపు తిరిగి పడుకుని ఉన్నాడు. వాళ్ల నాయనమ్మ మూడుపూటలా కృష్ణతులసి కషాయం పోస్తున్నది.

"నల్ల తులసి అయితే జరం ఉరుకుతది అన్నరు సారూ," అన్నదావిడ.

"ఎవరన్నారమ్మా?"

"అందరు అంటరు. ఇయ్యాల జరం తగ్గింది గూడ."

జ్వరం తగ్గిన మాట నిజమే. కాని పిల్లవాడి చేతులు చల్లగా ఉన్నవి. చిగుళ్లవెంట నెత్తురు కనపడుతున్నది. కడుపునొప్పి అంటున్నాడు. డెంగీలో ఉన్న మోసం ఇదే. జ్వరం దిగిన రోజునే ఒక్కొక్కప్పుడు అసలు ప్రమాదం మొదలవుతుంది. అప్పటికప్పుడు ఆటో పిలిచి ఆసుపత్రికి తీసుకుపోయాం. చాలా రోజులు అక్కడ ఉండి, పిల్లవాడు బతికి బయటపడ్డాడు.

తరవాత నాయనమ్మ నన్ను అడిగింది: "ఆకు మంచిదే గద సారూ?"

"మంచిదేనమ్మా. గొంతునొప్పికి వేడిగా తాగితే హాయిగా ఉంటుంది. కాని డెంగీని తగ్గించదు," అన్నాను. ఆవిడ తెలివితక్కువది కాదు. ఎనిమిదిమంది బిడ్డలను పెంచిన మనిషి. ఆకులో తప్పు లేదు, ఆవిడ ప్రేమలోనూ తప్పు లేదు. ఎవరూ పరీక్షించని ఒక మాట ఆ ఇంట్లో నాలుగు రోజులు డాక్టరు కుర్చీలో కూర్చున్నది. ప్రయోగశాల సీసాలో తులసి రసం సూక్ష్మజీవులను అణచవచ్చు. మనిషి ఒంట్లో జబ్బును తగ్గించటం వేరే సంగతి.

అయితే మొక్కల్లో మందులే లేవా? ఎందుకు లేవు! చైనాదేశంలో తూ యూయూ అనే శాస్త్రజ్ఞురాలు మలేరియాకు మందు వెతుకుతూ, పాత వైద్యగ్రంథాల్లోని వేలకొద్దీ యోగాలను పరిశీలించింది. వాటిలో చింగ్‌హావో అనే చిన్నమొక్క ఒకటి. కాని ఆ పేరుతో పిలిచే మొక్కలు ఒకటికన్న ఎక్కువ. వాటిలో ఒక్క జాతిలోనే మందు ఉన్నది. ఆ మొక్కరసం ఒకసారి పనిచేసేది, మరొకసారి పనిచేసేది కాదు. అప్పుడామె సుమారు 1,600 ఏళ్లనాటి గ్రంథాన్ని మళ్లీ చదివింది. మొక్కను కాచమని అందులో లేదు. చన్నీళ్లలో నానబెట్టి పిండమని ఉన్నది. వేడి తగిలితే మందు చెడుతున్నదేమోనని ఆమెకు తట్టింది. తక్కువ వేడిమీద ఈథరుతో సారం తీసింది. 1971లో 191వ నమూనా ఎలుకల్లోని మలేరియాను పూర్తిగా అణచింది. మరుసటి ఏడు, రోగులకు ఇవ్వకముందు తనే తాగి చూసింది. 2015లో ఆమెకు నోబెల్ బహుమానం వచ్చింది. ఆ మందు పేరు ఆర్టిమిసినిన్.

ఆ మొక్క జ్ఞాతులు మన ఇళ్లలో ఉన్నవి, తెలుసా? పూలదండల్లో కట్టే దవనం ఒకటి. వినాయకచవితి పత్రిలోని మాచిపత్రి మరొకటి. చుట్టాలే గాని అవి మలేరియాకు మందు కావు.

ఈసారి గుడిమల్కాపూర్ పూలమార్కెట్టుకు వెళ్లినప్పుడు, పూలమ్మే అమ్మను అడిగి దవనం ఒక రెమ్మ, మరువం ఒక రెమ్మ తెచ్చుకోండి. రెండూ ఘుమఘుమలాడుతవి, రెండూ ఒకే దండలో ఒదుగుతవి. కాడలను వేళ్లమధ్య దొర్లించి, ఈ రెంటిలో తులసికి చుట్టం ఏదో మీరే తేల్చండి.