తాళం వేసిన ఇల్లు.. ఫుట్‌పాత్ మీద పడక

మాది నంద్యాల జిల్లా ప్యాపిలి. డోన్‌కూ గుత్తికీ నడుమ, 44వ నంబరు జాతీయ రహదారి మీద ఉంటుంది. ఉత్తరానికి పోతే హైదరాబాద్, దక్షిణానికి పోతే బెంగళూరు. వాన మొహం చాటేసి వేరుశనగ చేతికి రాని ఏడాది మావోళ్లు ఏదో ఒక దిక్కుకు బస్సెక్కాల్సిందే. ఇంటికి తాళం పడుతుంది. పిల్లలు అవ్వాతాతల దగ్గర ఉండిపోతారు.

హైదరాబాద్‌లో దిగినవాళ్లందరికీ గది దొరకదు. అడ్వాన్సు కట్టలేనివాళ్లు ఫ్లైఓవర్ కిందో, మూసిన దుకాణం ముందో పడుకుంటారు. షట్టర్ తీసేలోపు లేచి దుప్పటీ గిన్నెలూ మూటగట్టాలి. స్నానానికి సులభ్ కాంప్లెక్సులో డబ్బులివ్వాలి. ఆ తర్వాత కూలీల అడ్డా. పని దొరక్కుంటే ఐదు రూపాయల భోజనమే దిక్కు. ఆధార్ కార్డు, ఫోను, కూలి డబ్బులు అన్నీ ఒంటిమీదే పెట్టుకోవాలి కాబట్టి రాత్రి సగం నిద్రే. ఆడవాళ్లకు ఆ సగమూ ఉండదు.

ఊరి రేషన్ కార్డు మీద ఇక్కడే బియ్యం తీసుకునే వీలు ఆంధ్ర, తెలంగాణల మధ్య 2019లోనే వచ్చింది. మంచిదే. మరి ఆ బియ్యం వండుకోడానికి పొయ్యి ఎక్కడ పెట్టాలి?

లక్ష జనాభాకు ఒక షెల్టర్ చొప్పున, ఏడాది పొడవునా 24 గంటలూ నడపాలని సుప్రీంకోర్టు 2010లోనే చెప్పింది. మనిషికి కనీసం 50 చదరపు అడుగుల చోటుండాలన్నది కేంద్ర పథకం నిబంధన. 2011 లెక్కల్లోనే హైదరాబాద్ మహానగర జనాభా 67 లక్షలు. అంటే అప్పటికే అరవైకి పైగా షెల్టర్లు కావాలి. అవీ ఆలుమగలను విడదీసేవి కాకుండా, బిడ్డతో సహా ఒక్కచోట ఉండనిచ్చేవి కావాలి.

ఇళ్లులేనివాళ్లను 2011 ఫిబ్రవరి 28న, ఒక్క రాత్రిలో లెక్కించారు. దేశం మొత్తమ్మీద 17.7 లక్షల మంది. అందులో పట్టణాల్లోనే 9.38 లక్షలు. వలసపోయినవాణ్ని ఊళ్లో బంధువులు 'మా ఇంటి మనిషే' అని రాయిస్తే, ఫుట్‌పాత్ లెక్కలో వాడు లేనట్టే. లెక్కలో లేనివాడికి షెల్టర్ ఎవరు కడతారు?

వచ్చే జనగణనకు ప్రామాణిక తేదీ 2027 మార్చి 1. అప్పటికి మా పక్క చేలల్లో పని ఉండదు. మావోళ్లు పట్నంలోనే ఉంటారు. లెక్కరాసేవాళ్లు ఫ్లైఓవర్ల కిందా ఒకసారి చూడాలి. ఊళ్లో ఇల్లుందని పట్నంలో గూడు అక్కర్లేకుండా పోదు కదా!