ఏది మన ఊరు? ‘మిసిసిపి మసాలా’ ఇచ్చే జవాబు

తాతలది ఒక దేశం, పుట్టింది ఇంకో దేశం, బతికేది మరో దేశం. అలాంటి మనిషి ఏ నేలను తనదనుకోవాలి? మీరా నాయర్ 1991లో తీసిన ‘మిసిసిపి మసాలా’ ఈ ప్రశ్ననే పట్టుకుంది. ఒడిశాలోని రూర్కెలాలో పుట్టి, భువనేశ్వర్‌లో పెరిగి, హార్వర్డ్‌లో చదివి, న్యూయార్క్‌లో పనిచేస్తున్న దర్శకురాలు ఆమె.

ముందు కథ వెనకున్న చరిత్ర చూద్దాం. తూర్పు ఆఫ్రికాలో రైలుమార్గం వేయడానికి బ్రిటిష్‌వాళ్లు 19వ శతాబ్దం చివర్లో మన దేశం నుంచి వేలమంది కూలీలను తీసుకెళ్లారు. తర్వాత వ్యాపారులు వెళ్లారు, వాళ్లలో గుజరాతీలు ఎక్కువ. వలసపాలనలో తెల్లవాళ్లు పైన, ఆఫ్రికన్లు కింద, భారతీయులు నడుమ ఉండేవాళ్లు. ఉగాండాకు స్వాతంత్ర్యం వచ్చాక ఈ నడిమివాళ్ల మీద కోపం మిగిలింది. 1972లో నియంత ఇదీ అమీన్ ఆ కోపాన్ని వాడుకుని, ఆసియావాళ్లంతా 90 రోజుల్లో ఉగాండా వదిలిపోవాలన్నాడు.

సినిమాలో జై అలా వెళ్లిపోయిన లాయరు. కంపాలాలో పుట్టినవాడు, అదే తన ఊరనుకున్నవాడు. ఆఫ్రికా ఇక నల్లవాళ్లదేనని ప్రాణస్నేహితుడు ఒకెలో అన్న మాట మనసులో గుచ్చుకుని, అతనికి సరిగా వీడ్కోలు చెప్పకుండానే బయల్దేరతాడు. ఏళ్లు గడిచినా మిసిసిపి రాష్ట్రంలోని గ్రీన్‌వుడ్‌లో, బంధువుల మోటెల్‌లో ఉంటూ, పోయిన ఆస్తికోసం ఉగాండా ప్రభుత్వంతో పోరాడుతుంటాడు. ఆ మోటెల్‌లోనే పనిచేసే కూతురు మీనా, కార్పెట్లు శుభ్రంచేసే వ్యాపారమున్న నల్లజాతి యువకుడు డెమీట్రియస్‌ను ప్రేమిస్తుంది.

సంగతి బయటపడగానే భారతీయ కుటుంబాలు భగ్గుమంటాయి. మోటెల్ యజమానులు డెమీట్రియస్‌కు పని ఇవ్వడం మానేస్తారు. ఒంటి రంగు చూసి తమను ఒక దేశం తరిమేసిందని బాధపడేవాళ్లే, రంగు చూసి ఇంకొకరిని గడప దాటనివ్వరు. గాయపడినంత మాత్రాన మనిషి ఇతరులను గాయపరచడం మానడని మీరా నాయర్ చూపించారు. అలాగని జైని దుర్మార్గుణ్ని చేయలేదు. కథను 1972 నుంచే మొదలుపెట్టడంతో అతని మొండితనం కంటే ముందు అతను పోగొట్టుకున్నది మనకు తెలుస్తుంది. అందుకే కోపం వచ్చినా అతణ్ని అర్థం చేసుకోగలుగుతాం.

చివరికి జై కంపాలా వెళ్తాడు. ఒకెలో ఎప్పుడో చనిపోయాడని అక్కడ తెలుస్తుంది. ఆ స్నేహితుడు లేని ఊళ్లో ఇల్లు గెలుచుకుని ఏం చేయాలి? దావా వదిలేసి, భార్య కిన్ను దగ్గరికి తిరిగి రావాలనుకుంటాడు. మీనా అప్పటికే డెమీట్రియస్‌తో తన దారి చూసుకుంది.

ఈ సినిమా పరిశోధనలోనే మీరా నాయర్‌కు మహమూద్ మమ్దానీ పరిచయమయ్యారు. 1972లో ఉగాండా వదలాల్సి వచ్చిన మేధావుల్లో ఆయనా ఒకరు. తర్వాత వాళ్లు పెళ్లి చేసుకున్నారు. తూర్పు ఆఫ్రికా యువతకు సినిమా నేర్పే ‘మైషా’ సంస్థను ఆమె కంపాలాలోనే స్థాపించారు. ఉగాండాతో ఆమె బంధం ఒక్క సినిమాతో ముగియలేదు.

మన తెలుగు కుటుంబాలెన్నో ఇప్పుడు అమెరికాలో పిల్లల్ని పెంచుతున్నాయి. ఆ దేశం మనల్ని తనవాళ్లుగా చూస్తోందా అన్న దిగులు వాళ్లకు సహజం. దానితోపాటు మనం ఎవరిని మనవాళ్లుగా చూస్తున్నామన్న ప్రశ్న కూడా ఇంట్లో మాట్లాడుకోవాలి. పిల్లలు అక్కడ వేళ్లూనుకోవడం ఆ రెండో ప్రశ్నకు మనమిచ్చే జవాబు మీదే ఎక్కువగా ఆధారపడుతుంది.