ఎర్రని చేప, పెసరపప్పు, ఒక నిమ్మచెక్క

పిడుగురాళ్ల అనగానే ఎవరికైనా ముందు గుర్తుకు వచ్చేది సున్నం. ఊరి చుట్టూ సున్నపురాయి గనులు, పొగలు కక్కే బట్టీలు, తెల్లని దుమ్ము కప్పుకున్న చెట్లు. అవి దాటితే పత్తి చేలు, మిరప చేలు. సముద్రం మాత్రం వంద కిలోమీటర్ల పైబడి దూరాన ఉంది. అటువంటి ఊళ్ళో కూర్చుని నడిసముద్రపు ట్యూనా చేపతో సలాడ్ చేయడమేమిటని మీకు నవ్వు రావచ్చు. నవ్వే ముందు ఒక ప్రశ్నకు జవాబు చెప్పండి.

మీ ఒంట్లో ఇనుము ఎంత ఉంది?

పెద్దవాళ్ళ శరీరంలో మొత్తం కలిపితే మూడు, నాలుగు గ్రాములు. ఒక చిన్న మేకు చేయడానికి సరిపోతుంది. అంతే! కాని మనం పీల్చిన గాలిలోని ఆక్సిజన్‌ను ఊపిరితిత్తుల నుంచి కాలి బొటనవేలి దాకా మోసుకుపోయేది ఆ కాస్త ఇనుమే. రక్తంలోని హీమోగ్లోబిన్‌లో అది ఉంటుంది. ఇనుము తగ్గితే హీమోగ్లోబిన్ తగ్గుతుంది. మెట్లెక్కితే ఆయాసం, పాఠం వింటూంటే నిద్రమత్తు, ప్రార్థనలో నిలబడితే కళ్ళు బైర్లు కమ్మడం మొదలవుతాయి. దీన్నే రక్తహీనత అంటారు.

ఇది ఎక్కడో, ఎవరికో వచ్చే జబ్బు కాదు. 2019–21 మధ్య జరిగిన జాతీయ కుటుంబ ఆరోగ్య సర్వేలో, ఆంధ్రప్రదేశ్‌లో 15 నుంచి 49 ఏళ్ళ వయసున్న స్త్రీలలో సగానికి పైగా రక్తహీనతతో ఉన్నట్లు తేలింది. మీ తరగతిలో నలుగురు అమ్మాయిలు ఒక బల్లపై కూర్చున్నారనుకోండి. ఈ లెక్కన వారిలో ఇద్దరికి రక్తం చాలదన్న మాట.

మరి మనం పప్పు తింటున్నాం, ఆకుకూర తింటున్నాం. వాటిలో ఇనుము లేదా? ఉంది. చిక్కు అంతా అక్కడే ఉంది!

రెండు రకాల ఇనుము

పెసరపప్పులో ఇనుము తక్కువేమీ కాదు. అయితే కంచంలో ఉన్న ఇనుమంతా రక్తంలోకి చేరదు. పప్పుల్లో, ఆకుకూరల్లో ఉండే ఇనుమును మన ప్రేగులు చాలా కొద్దిగానే పీల్చుకోగలవు. ఆ గింజల్లోనే ఉండే ఫైటిక్ ఆమ్లమనే పదార్థం ఇనుమును గట్టిగా పట్టుకుని వదలదు. ఎక్కువ భాగం వచ్చిన దారినే బయటికి పోతుంది.

మాంసంలో, చేపల్లో ఉండే ఇనుములో కొంత భాగం వేరే రూపంలో ఉంటుంది. దాన్ని హీమ్ ఇనుము అంటారు. దీన్ని ప్రేగులు సులువుగా పీల్చుకుంటాయి. అంతేకాదు, చేప ముక్కను పప్పుతో కలిపి తింటే, పప్పులోని ఇనుము కూడా మునుపటికంటే ఎక్కువగా ఒంటబడుతుంది. బడికి రానని మొరాయించే తమ్ముణ్ణి అక్క చెయ్యి పట్టుకుని తీసుకుపోయినట్లు!

ఇప్పుడు ట్యూనా సంగతి చూద్దాం. ఈ చేప మాంసం గొర్రె మాంసంలా ఎర్రగా ఉంటుంది. ఎందుకో తెలుసా? ట్యూనాకు విశ్రాంతి లేదు. ఈదుతూ ఉంటేనే దాని మొప్పల్లోకి నీరు చేరుతుంది. ఈత ఆగితే ఊపిరి ఆగినట్లే. రాత్రింబవళ్ళు పనిచేసే కండలకు ఆక్సిజన్ నిలవ కావాలి గదా! ఆ నిలవను ఉంచే పదార్థం మయోగ్లోబిన్. అది హీమోగ్లోబిన్‌కు దగ్గరి చుట్టం. అందులోనూ ఇనుమే. ఎరుపు రంగు దానిదే. మరో విడ్డూరం: ఎక్కువ చేపల ఒళ్ళు చుట్టూ ఉన్న నీరంత చల్లగానే ఉంటుంది. ట్యూనా మాత్రం వల అల్లినట్లున్న ప్రత్యేక రక్తనాళాల సాయంతో తన కండలను నీటికంటే వెచ్చగా ఉంచుకుంటుంది. ఉడికించినప్పుడు దాని ఎరుపు పోయి గోధుమరంగు వస్తుంది. ఇనుము మాత్రం ఎక్కడికీ పోదు.

సున్నం చెప్పే రహస్యం

మూడో నేస్తం నిమ్మచెక్క. దాని పని అర్థం కావాలంటే పిడుగురాళ్ల సున్నాన్నే సాయం అడుగుదాం.

తాంబూలంలో వాడే సున్నం ఆవగింజంత తీసుకుని, తడిపిన పసుపులో కలపండి. పసుపు ఎర్రబడుతుంది. పేరంటాల్లో కాళ్ళకు రాసే పారాణి ఇదే. ఇప్పుడు దానిమీద నిమ్మరసం నాలుగు చుక్కలు పిండండి. మళ్ళీ పసుపుపచ్చ! సున్నం క్షారం, నిమ్మరసం ఆమ్లం. ఒకటి రెండోదాన్ని విరిచేసింది. (జాగ్రత్త! బట్టీ దగ్గరి కాల్చిన పొడిసున్నాన్ని ముట్టవద్దు. నీరు తగిలితే అది సలసల కాగి చేతులను, కళ్ళను కాలుస్తుంది. చేసి చూసిన పసుపును తినవద్దు.)

మన కడుపులోనూ ఇటువంటి మార్పే జరుగుతుంది. జీర్ణాశయంలో ఆమ్లం ఉంటుంది. అక్కడ ఇనుము కరిగి ఉంటుంది. అక్కడినుంచి చిన్నప్రేగుల్లోకి పోగానే క్షారగుణం గల రసాలు వచ్చి కలుస్తాయి. దానితో ఇనుము కరగని ముద్దగా మారిపోతుంది. కరగనిదాన్ని ప్రేగులు పీల్చుకోలేవు. నిమ్మరసంలోని విటమిన్ సి ముందుగానే ఇనుమును సులువుగా పీల్చుకునే రూపంలోకి మార్చి, చేయి పట్టుకుని, ప్రేగుల్లో కూడా కరిగి ఉండేట్లు చూస్తుంది. అందుకే నిమ్మకాయను భోజనం తరువాత ఎప్పుడో కాక, భోజనంలోనే పిండుకోవాలి.

విటమిన్ సి నిమ్మలోనే ఉందనుకోకండి. 1930లలో హంగరీలోని సెగెడ్ నగరంలో ఆల్బర్ట్ సెంట్-గ్యోర్గి అనే శాస్త్రవేత్త ఈ విటమిన్ కోసం వెదుకుతూ, ఆ ఊళ్ళో విరివిగా పండే పాప్రికాను పరీక్షించాడు. కొద్ది వారాల్లోనే కిలోకు పైగా విటమిన్ సి తీయగలిగాడు! 1937లో ఆయనకు నోబెల్ బహుమతి వచ్చింది. ఆ పాప్రికా మరేదో కాదు, మన గుంటూరు మిరప జాతిదే. అయితే కల్లంలో ఎండిన మిరపకాయలో ఈ విటమిన్ చాలావరకు నశించిపోతుంది. కావలసింది పచ్చిమిరపకాయ.

తయారు చేద్దాం

శ్రీరామనవమి పందిట్లో పానకంతో పాటు వడపప్పు పెడతారు గదా! నానిన పెసరపప్పు, మామిడి ముక్కలు, కొత్తిమీర. పొయ్యి వెలిగించకుండా చేసే ఆ వడపప్పు మన సలాడే. దానికి చేప ముక్కలు కలపడమే మనం చేసే కొత్త పని.

కావలసినవి (నలుగురికి): ఉడికిన ట్యూనా ముక్కలు 200 గ్రాములు, పెసరపప్పు అర కప్పు, కీరదోసకాయ 1, టమాటా 1, చిన్న ఉల్లిపాయ 1, పచ్చిమిరపకాయ 1, నిమ్మకాయ 1, కొత్తిమీర గుప్పెడు, వేరుశనగ నూనె 1 చెంచా, మిరియాల పొడి చిటికెడు, ఉప్పు తగినంత.

1. పెసరపప్పును కడిగి గంటసేపు నానబెట్టండి. నానిన నీళ్ళు పారబోయండి. ఫైటిక్ ఆమ్లం కొంత ఆ నీటితోనే పోతుంది.

2. పచ్చి ట్యూనా అయితే ముక్కలకు కాస్త ఉప్పు, పసుపు రాసి, ఇడ్లీ పాత్రలో 10, 12 నిమిషాలు ఆవిరిమీద ఉడికించండి. వేలితో నొక్కితే పొరలు పొరలుగా విడిపోవాలి. డబ్బాలోని ట్యూనా అయితే ఉడికే ఉంటుంది. నీరు వంచేస్తే చాలు. పొయ్యి దగ్గర ఇంట్లో పెద్దవారెవరైనా ఉండాలి.

3. కూరగాయలను ధారగా పడే నీటిలో రుద్ది కడిగి, ఆ తరువాతే తరగండి. తరిగాక కడిగితే నీటిలో కరిగే విటమిన్లు తూములో పడతాయి.

4. అన్నీ కలిపి, నూనె, మిరియాల పొడి వేసి, నిమ్మకాయ పిండండి. ఉప్పు మాత్రం తినబోయే ముందు చల్లండి.

ఉప్పు చివర ఎందుకు? రెండు కీరదోస చక్రాలు తీసుకోండి. ఒకదానిమీద ఉప్పు చల్లి, రెండోదాన్ని ఉత్తగా ఉంచి, పావుగంట ఆగి చూడండి. ఉప్పు చల్లినది నీళ్ళు కార్చి వడలిపోతుంది. కణాల లోపలి నీరు, ఉప్పు ఎక్కువగా ఉన్న బయటి వైపుకు వచ్చేసింది. దీన్నే ద్రవాభిసరణం అంటారు. ఉప్పు ముందే వేస్తే కరకరలాడే ముక్కలు కాస్తా చారులో మునుగుతాయి.

పరదేశాల్లో ట్యూనా సలాడ్‌కు మయొనైజ్ కలుపుతారు. అందులో ముప్పాతిక వంతు వరకు నూనే. గ్రాము క్రొవ్వు 9 కేలరీల శక్తినిస్తే, గ్రాము మాంసకృత్తులు 4 కేలరీలు ఇస్తాయి. ట్యూనాలో 100 గ్రాములకు 20 నుంచి 25 గ్రాముల మాంసకృత్తులున్నా, క్రొవ్వు బాగా తక్కువ. అటువంటి తేలికైన చేపను నూనెలో ముంచడం దేనికి? నలుగురికీ కలిపి ఒక చెంచా నూనె చాలు.

"పోనీ, పెరుగు కలిపితే?" అంటే, "చేపలూ పెరుగూ కలిపి తింటే బొల్లి మచ్చలొస్తాయి" అని అమ్మమ్మ అడ్డుకోవచ్చు. చర్మానికి రంగునిచ్చే కణాలను మన శరీరపు రక్షణ వ్యవస్థే పొరపాటున నాశనం చేయడం వల్ల బొల్లి వస్తుంది. చేపా పెరుగూ కలవడం వల్ల వస్తుందనడానికి ఆధారం లేదు. అది అంటువ్యాధి కూడా కాదు. ఆ మచ్చలున్న స్నేహితునికి దూరంగా కూర్చోవడం తప్పు. అయినా మన గిన్నెలో పెరుగు వేయలేదు. కారణం వేరు: పెరుగులోని కాల్షియం ఇనుమును కాస్త అడ్డుకుంటుంది.

ఎండతో చెలగాటం వద్దు

ఎండలకు పేరుమోసిన రెంటచింతల పిడుగురాళ్లకు దగ్గరే. ఆ ఎండల్లో చేపను నమ్మడం కష్టం. మంచు లేకుండా ట్యూనాను ఉంచితే, సూక్ష్మజీవులు దాని మాంసంలో హిస్టమిన్ అనే పదార్థాన్ని తయారు చేస్తాయి. అది తింటే ముఖం కందిపోయి, దద్దుర్లు, తలనొప్పి, వాంతులు వస్తాయి. ఎంత ఉడికించినా హిస్టమిన్ పోదు! కనుక మంచులో ఉంచిన చేపనే కొనాలి. డబ్బా ఉబ్బి ఉంటే తెరవకుండానే పారవేయాలి. సలాడ్ చేసిన గంటలోపు తినేయాలి. బడికి డబ్బాలో కట్టుకుపోకూడదు. ట్యూనా పెద్ద వేటచేప కావడంతో చిన్న చేపల్లోని పాదరసం దాని ఒంట్లో పోగవుతుంది. అందువల్ల రోజూ కాక, వారానికి ఒకసారి చాలు.

ఇంకొక మాట. మిరప, పత్తి చేలకు పురుగుమందు కలిపిన బకెట్టును, ఖాళీ అయిన మందు డబ్బాను ఎంత కడిగినా వంటింట్లోకి రానివ్వకండి.

ట్యూనా దొరకలేదా? కృష్ణలోనూ చెరువుల్లోనూ దొరికే బొచ్చె, శీలావతి ఉన్నాయి. ఉడికించి, సన్నని ముళ్ళు జాగ్రత్తగా ఏరండి. చేపలు తినని ఇళ్ళవారు పెసరపప్పు కాస్త ఎక్కువ వేసి, నిమ్మకాయ మరవకుండా పిండుకుంటే సరి. పెసరపప్పులో, కొత్తిమీరలో రక్తకణాల తయారీకి అవసరమైన ఫోలిక్ ఆమ్లం కూడా ఉంది. ఈ ఆమ్లాన్ని 1945లో ప్రయోగశాలలో తయారు చేసిన బృందానికి అమెరికాలో నాయకత్వం వహించినవారు భీమవరంలో పుట్టిన యల్లాప్రగడ సుబ్బారావు.

తిన్న వెంటనే టీ మాత్రం వద్దు. పెడనలో కలంకారీ పనివారు కరక్కాయ పట్టించిన గుడ్డమీద, తుప్పు ఇనుమును బెల్లపు నీటిలో ఊరబెట్టిన రసంతో చెక్క అచ్చులు అద్దుతారు. అద్దిన చోట నల్లరంగు తేలుతుంది. కరక్కాయలోని టానిన్లు ఇనుమును పట్టేశాయన్న మాట. టీలోనూ అటువంటి పదార్థాలే ఉన్నాయి. గుడ్డమీద ఇనుము నిలిచిపోతే అందం. కడుపులో చిక్కుకుపోతే నష్టం. గంటసేపు ఆగి తాగండి.

ఈ సలాడ్ మందు కాదు. నీరసంగా ఉంటే ఆరోగ్య కేంద్రంలో హీమోగ్లోబిన్ పరీక్ష చేయించుకోవాలి. బడిలో వారం వారం ఇచ్చే నీలిరంగు ఐరన్ మాత్రను కిటికీలోంచి విసరకుండా మింగాలి.

ఈ రాత్రి మీ ఇంట్లో కంచాలు చూడండి. ఇనుము ఎందులో ఉంది? దాని చేయి పట్టుకునే నేస్తం ఏది? అడ్డుకునే శత్రువు ఏది? అందరికీ వడ్డించి చివర తినే అమ్మ కంచంలో ఏం మిగిలింది? నిమ్మచెక్క ఒకటి తీసుకుని, ముందు ఆ కంచంలో పిండండి.