చెట్లపై నుండు నుడుములు

ఉడుముపట్టను మాట యెఱుగని తెలుగువనిత యుండదు. రామలక్ష్మణులు గోధాంగుళిత్రాణములు ధరించిరని రామాయణమున జదువునపుడు గోధ యనగా నీ యుడుమే. దాని తోలుతో వ్రేలితొడుగులు చేసెడివారు. కాని సోదరీమణులారా, నేడు మేము ముచ్చటింపబూనినది మన పొలముగట్లపై దిరుగు మట్టిరంగు టుడుమును గూర్చి గాదు. న్యూగినీ ప్రాంతపు టడవులలో జెట్లపైననే కాలము గడపు దాని జ్ఞాతులను గూర్చి.

వీనిలో నొకటి చిలుకపచ్చనిది. ఆరూ ద్వీపములలోనిది కాటుకవలె నల్లనిది. బటాంటా యను చిన్నదీవియందలి నీలవర్ణపు జాతిని శాస్త్రజ్ఞులు 2001లో గాని వర్ణింపలేదు. తోక దేహముకంటె మిక్కిలి పొడవు. కొమ్మను జుట్టుకొని యైదవ చేయివలె బనిచేయును. మిడుతలు మున్నగు పురుగులు ముఖ్యాహారము. ఇంత యందమైనవి గనుకనే యైరోపా, అమెరికాలలో గొందఱు వీనిని పెట్టెలలో బెంచుచున్నారు.

ఆ పెంపకము చిలుకను బెంచుటవంటిది గాదు. ఎత్తైన పెట్టె కావలయును. దానినిండ గొమ్మలు, ఆకులు, దాగుటకు దొఱ్ఱలు. ఒకవైపు దీపపు వేడి, అంతట వానకాలపు తేమ. గిన్నెలో నీరున్నంతమాత్రమున జాలదు. ఆకులపై జల్లిన బిందువులను నాకి దాహము దీర్చుకొనును.

మా మనసు మిక్కిలి నొచ్చినది ఆడుదాని ప్రసవవిషయమున. పచ్చజాతిది యడవిలో జెట్టుమీది చెదపుట్టలో గ్రుడ్లు పెట్టును. లోపల వెచ్చదనము, తేమ చెడక యుండును. బంధమున నట్టి తావు దొరకనిచో గ్రుడ్లను విడువక కడుపున నిలుపుకొని, బాధపడి, తుదకు మరణించుటయు గలదు. తెలిసినవారు తడిమన్ను నింపిన పెట్టె నెత్తున నమర్చి వెచ్చగా నుంతురు. చూలాలి కొక మూల చూపనివానికి జీవిని దెచ్చుకొను నర్హత యెక్కడిది? గ్రుడ్లు సాధారణముగా నైదింటికి మించవు. అవి పిల్లలగుటకు అయిదాఱు మాసములు పట్టును.

ఇంత యాలస్యము గనుకనే కొందఱు వర్తకులు అడవిలో బట్టినవానినే పెంపకమున బుట్టినవని వ్రాసి యమ్ముదురు. సంచులలో దాహముతో సముద్రము దాటివచ్చినవానిలో జచ్చునవి పెక్కు. బటాంటా నీలపుజాతి యా ప్రాంతమున దప్ప మఱెక్కడను లేదు. అచ్చట దఱిగినచో దెచ్చుటకు వేఱు చోటు లేదు.

మన యుడుము 1972 నాటి వన్యప్రాణి సంరక్షణచట్టపు మొదటి యనుసూచికలో జేరినది. పట్టినను, ఇంట గట్టివేసినను శిక్షార్హమే. విదేశపు టుడుములు గలవారు 2022 నాటి సవరణ ననుసరించి వానిని నమోదు చేయింపవలయును. కాగితములు తరువాత నిత్తుమను దుకాణదారుని మాట నమ్మరాదు.