డబ్బాలో దాగిన చరిత్ర

పిల్లలూ! మా చిన్నతనంలో ఊళ్ళోకి టూరింగు టాకీసు వస్తే మాకు పండుగే. మర్నాడు పొద్దున్నే డేరా వెనక తెగిపడిన ఫిల్ము ముక్కలు ఏరుకునేవాళ్ళం. కాలిపోయిన బల్బులో నీళ్ళు పోసి, దాని వెనక ఫిల్ము ముక్క పట్టుకుని, అద్దంతో ఎండను దాని మీదికి తిప్పితే, చీకటి గదిలో గోడ మీద పెద్ద బొమ్మ కనిపించేది!

ఆ ముక్కలు పోతే పోయినాయి. సినిమాకు సినిమాయే పోతే?

మన దేశపు మొదటి టాకీ ‘ఆలం ఆరా’. అది 1931 మార్చి 14న బొంబాయిలో విడుదలయింది. పూర్తిగా తెలుగులో తీసిన మొదటి టాకీ ‘భక్త ప్రహ్లాద’ 1932లో వచ్చింది. ఈ రెంటిలో దేనికీ ఇవాళ ఒక్క ప్రతి కూడా లేదు. ఆ ప్రహ్లాదుడి గొంతు ఎట్లా ఉండేదో మనం ఇక వినలేము.

ఎందుకిట్లా జరిగింది? ఆ కాలపు ఫిల్మును సెల్యులోజ్ నైట్రేటుతో చేసేవారు. మండటానికి కావలసిన ఆక్సిజను అందులోనే ఉన్నది గనక, అది ఒకసారి అంటుకుంటే నీళ్ళలో ముంచినా ఆరదు. 2003 జనవరిలో పుణెలో జరిగిన అగ్నిప్రమాదంలో ఎన్నో పాత ఫిల్ములు ఇట్లాగే బూడిదయినాయి. నిప్పు తగలకపోయినా, వేడికీ చెమ్మకూ అది జిగటగా మారి, చివరకు పొడి అయిపోతుంది.

మనిషి చేసిన చేటు కూడా తక్కువ కాదు. నలుపు తెలుపు ఫిల్ము మీద బొమ్మ ఏర్పడేది వెండి రేణువులతో. ఆ వెండి కోసం పాత సినిమాలను కరిగించేవారు!

తరవాత వచ్చిన ఎసిటేట్ ఫిల్ము అంత తేలికగా మండదు. అయితే అది పాడవుతుంటే పుల్లని వెనిగర్ వాసన వేస్తుంది. కుళ్ళిన పండు పక్క పళ్ళను చెరిచినట్టు, ఆ ఆవిరి పక్క డబ్బాలకు కూడా తగులుతుంది. అందుకే ఫిల్ములను చల్లని, పొడి గదులలో దాచాలి.

ఈ పని కోసమే 1964లో పుణెలో జాతీయ చలనచిత్ర భాండాగారం ఏర్పడింది. పి. కె. నాయర్ గారు 1991లో రిటైరయ్యేదాకా అక్కడ పనిచేసి, వేల సినిమాలు సేకరించారు. ఫాల్కే 1919లో తీసిన ‘కాళీయ మర్దన్’ నేటికీ మిగిలి ఉన్నది. అందులో చిన్ని కృష్ణుడు ఎవరనుకున్నారు? ఫాల్కే కుమార్తె మందాకిని! నూరేళ్ళు దాటినా ఆ పాప ఇంకా మన ఎదుట ఆడుతూనే ఉన్నది.

ఒక సంగతి దాచకుండా చెబుతాను. నేను పనిచేసిన బడిలో వార్షికోత్సవపు వీడియో కేసెట్టును బీరువాలో పెట్టి, పదేళ్ళు మరిచిపోయాను. తీసేసరికి బూజు పట్టింది. మా తెలుగు మాస్టారు పద్యం పాడటం అందులోనే ఉన్నది. ఆయన ఇప్పుడు లేరు. ఆ గొంతు మళ్ళీ ఎక్కడనుంచి తేను?

మీ ఇంట్లోనూ పాత పెళ్ళి కేసెట్టు ఉండవచ్చు. పెద్దలతో చెప్పి ఇప్పుడే ప్రతి తీయించండి. కంప్యూటరు కూడా చెడిపోతుంది గనక, రెండు చోట్ల దాచండి. తాతయ్యనూ అమ్మమ్మనూ పక్కన కూర్చోబెట్టుకుని, బొమ్మలో ఉన్నవారి పేర్లు, ఊరు, తేదీ కాగితం మీద రాయండి. ఎవరిదో తెలియని బొమ్మ ఉండీ సగం పోయినట్టే!